బొటనవేళ్ళకు కట్టిన దారం

ఆ సినిమాలో నేను ఏడు సెకన్లు చచ్చిపోయి ఉంటాను. లెక్కపెట్టింది నేను కాదు, నా బిడ్డ. మూడున్నరేళ్ళది. దానికి అంకెలు ఏడు దాకానే వచ్చు, సరిగ్గా సరిపోయింది. ఫోన్లో ఆ చోటు రాగానే "బాపు పండుకున్నడు" అని చప్పట్లు కొడుతుంది. పండుకోలేదే తల్లీ, పీనుగునయ్యాను అంటే దానికేం అర్థమవుతుంది. పండుకున్నాననే ఒప్పుకుంటాను.

అది ఇంగ్లండు వాళ్ళ సినిమా. పెద్ద సినిమా అనుకునేరు. వంటవాడితో కలిపి మొత్తం పద్నాలుగు మంది. ముసలి నటుడు తన కుర్చీ తానే మోసుకుని తిరిగేవాడు. కథ కూడా చిన్నదే. గల్ఫ్‌లో ఒక తెల్ల కాంట్రాక్టరు తన దగ్గర పనిచేసే కూలీ చావును దాచిపెడతాడు. ఆ శవం ఫోటో ఒకటి ఆఫీసు గుమాస్తా చేతిలో పడుతుంది. ఇక అక్కణ్ణుంచి గుమాస్తా ఆ ఫోటో చూపించి దొరను బెదిరించడమే, దొర గుటకలు మింగడమే. ఆ శవాన్ని నేను.

ధర్మపురి రోడ్డు మీద నా వెల్డింగు షాపుకు వచ్చే ట్రాక్టర్ల వాళ్ళు ఇప్పటికీ "ఏం హీరో, బతికినవా" అని పలకరిస్తారు. బతికాను. ఎట్లా బతికానో చెప్పాలంటే ఆ చలికాలం సంగతి చెప్పాలి. దుబాయ్‌లో పదకొండేళ్ళు చేశాను గానీ, కళ్ళు మూసుకుంటే యాదికొచ్చేది ఆ మూడు నెలలే.

దుబాయ్ అని ఊరికే అంటాం. నేనుండేది ఫుజైరా. ఒక పక్క సముద్రం, ఒక పక్క రాళ్ళ గుట్టలు. ఆ గుట్టల్ని పిండి చేసే క్రషర్లో నేను వెల్డర్ని. ఏడాదిలో తొమ్మిది నెలలు ఒళ్ళు ఉడికిపోతుంది. డిసెంబరు వచ్చిందంటే మాత్రం ఆ ఊరంత మంచి ఊరు ఇంకోటి లేదు. పొద్దున్నే సముద్రం మీంచి చల్లగాలి, చేతిలో కాగితపు కప్పులో చిక్కగా మరిగించిన కరక్ చాయ్, మా మెస్సు రేకుల మీద బారుగా కాకులు. అరబ్బు దేశంలో కాకులేంటని అడుగుతారు. ఎప్పుడో ఓడలెక్కి వచ్చాయట, మాలాగే. కాకపోతే అవి తిరిగి పోలేదు.

అది 2021. కరోనా కాస్త తెరిపిచ్చింది. ఆ ఏడు విమానాలు ఆగిపోయి నేను ఇంటి దగ్గరే నాలుగు నెలలు చిక్కుకుపోయి, ఆగస్టులో మళ్ళీ వచ్చిపడ్డాను. వచ్చిన నెలకే నన్ను కన్న మా అవ్వ లక్ష్మవ్వ ఫోన్ చేసింది, మంజుల నీళ్ళోసుకుందని. మంజుల నా భార్య. అంతకు ముందు రెండుసార్లు కడుపు నిలవలేదు. ఆ రెండుసార్లూ నేనక్కడే, ఆ కబురు ఫోన్లోనే విన్నాను. అందుకని ఈసారి అవ్వ శుభవార్తతో పాటే షరతులూ చెప్పింది.

"ఆలు కడుపుతోనున్నోడు గడ్డం గీయద్దు, జుట్టు కత్తిరియ్యద్దు. పాడె మొయ్యద్దు. పీనుగెంబడి పోవద్దు. యాదుంచుకో."

"ఈడ ఎవ్వల పాడె మోస్త అవ్వా. పీనుగులు ఈడ విమానమెక్కుతయి."

"నోరు ముయ్యి" అంది.

నోరు మూశాను. గడ్డం పెంచాను. డిసెంబరుకు మంజులకు ఆరో నెల పడింది, నా గడ్డానికి నాలుగో నెల.

మా కంపెనీ పాత క్యాంపొకటి గుట్ట కింద ఖాళీగా పడి ఉండేది. దాన్ని ఆ సినిమా వాళ్ళు అద్దెకు తీసుకున్నారు. సామాన్లు మోయడానికి, తలుపులూ మంచాలూ బాగుచేయడానికి కంపెనీ మమ్మల్ని ఐదుగురిని పంపింది. మూడు రోజులకోసారి ముక్కులో పుల్ల పెట్టి పరీక్ష చేసేవాళ్ళు. పోనీలే, క్రషర్ దుమ్ము పీల్చడం కన్నా ముక్కులో పుల్ల నయమనిపించేది.

ఒకరోజు మధ్యాహ్నం తిండి తిని, సెట్టు కోసం వేసిన ఇనుప మంచం మీద ఒక కునుకు తీశాను. కళ్ళు తెరిచేసరికి చుట్టూ నలుగురు నిలబడి ఉన్నారు. డైరెక్టరమ్మ, అరవై ఏళ్ళుంటాయి, నెత్తిన టోపీ, నా మొహంలోకి వంగి చూస్తోంది. ఉద్యోగం పోయిందనుకుని లేవబోయాను. ఆమె పక్కన సిమ్రన్ అని ఒక పంజాబీ అమ్మాయి ఉండేది. లండన్‌లోనే పుట్టిందట, హిందీ మాట్లాడేది. మాకూ వాళ్ళకూ మధ్య వంతెన ఆ పిల్లే.

"భయ్యా, మరోగే?" అని అడిగింది. చస్తావా అని.

సంగతేమంటే, శవం వేషానికి దుబాయ్ నుంచి రావలసిన మనిషికి కరోనా వచ్చింది. వాళ్ళు పది నిమిషాలు చూస్తున్నా నేను కదల్లేదట, ఊపిరి తీస్తున్నట్టు కూడా కనిపించలేదట. ఆ గడ్డమూ జుట్టూ డైరెక్టరమ్మకు నచ్చాయట.

నేను ఒక్క క్షణం ఆలోచించాను. అవ్వ మాటలు గుర్తు రాలేదని అబద్ధం చెప్పను. వచ్చాయి. కానీ పాడె మోయొద్దంది, పీనుగు వెంట పోవద్దంది గానీ, పీనుగువు కావొద్దని అనలేదు కదా అనుకున్నాను. సినిమా పిచ్చి ఉన్నవాడికి తర్కం ఎటు కావాలంటే అటు వంగుతుంది.

"మరేంగే" అన్నాను.

మేకప్ అమ్మాయి మొహానికి బూడిద రంగు పూసింది. తెల్ల దుప్పటి నడుము దాకా కప్పారు. కెమెరా పెట్టబోతుంటే నాకు మనసొప్పలేదు. ఏ పనైనా సరిగ్గా చేయాలి. పీనుగంటే ఇట్లా కాళ్ళు అడ్డదిడ్డంగా ఎవరు పడేస్తారు? తోటివాళ్ళు మంచం మీద పడుకోబెట్టారంటే, ముందు చేసే పని ఒకటుంటుంది కదా. లేచి కూర్చుని, మంచం కోడుకు వేలాడుతున్న సుతిలి తాడు తెంపి, నా రెండు కాళ్ళ బొటనవేళ్ళు దగ్గరకు లాగి కట్టుకున్నాను. రెండు చుట్లు, ఒక ముడి. మళ్ళీ పడుకున్నాను.

డైరెక్టరమ్మ ఇదేమిటని అడిగింది. మా దగ్గర చచ్చినవాడికి ఇట్లా కడతారని సిమ్రన్‌తో చెప్పించాను. తర్వాత కెమెరాను నా మొహం మీంచి తీసి కాళ్ళ దగ్గర పెట్టించింది. ఫోటో కూడా అక్కణ్ణుంచే తీశారు. ముందు ముడివేసిన బొటనవేళ్ళు, వెనకాల దుప్పటి, చివరన నా గడ్డం. ఆ రోజంతా గాల్లో తేలాను. నా ఆలోచన ఇంగ్లండు సినిమాలో పడింది మరి.

మర్నాడు పొద్దున మెస్సు ముందు చేతులు కడుక్కుంటుంటే కాకి వచ్చి నెత్తిన తన్నింది. ఊరికే ఒరుసుకుపోవడం కాదు, గోళ్ళు గుచ్చుకునేలా తన్ని, రేకుల మీద వాలి నా వైపే చూసింది. ఎవరికీ చెప్పలేదు. స్నానం చేసి, ఆంజనేయుణ్ణి తలుచుకుని, పనికి పోయాను.

గుమాస్తా వేషం వేసినాయన పేరు కొలిన్. డెబ్బై దగ్గర, సన్నటి మనిషి, నవ్వితే పళ్ళన్నీ కనబడేవి. సినిమాలో దొరను అంతగా పీక్కుతినేవాడు, బయట మా బల్ల మీద కూర్చుని కరక్ చాయ్ చప్పరించేవాడు. ఒక సీనులో దొర కోపంతో ఆ ఫోటోను చించేయాలి. టేకు టేకుకీ ఒకటి కావాలి కనుక నా ఫోటోలు నలభై అచ్చేశారు. నా శవం కట్టకట్టలుగా బల్ల మీద ఉండేది. దొర చించడం, డైరెక్టరమ్మ మళ్ళీ అనడం, ముక్కలు మేం ఊడ్చడం.

ఆ రోజు చాయ్ తాగుతూ కొలిన్ ఏదో అని పగలబడి నవ్వాడు. ఏమిటని సిమ్రన్‌ను అడిగాను.

"ఈ కథ రాసినవాడు మూర్ఖుడంటున్నాడు" అంది. "దొరే ఆ ఫోటో తీసుకుపోయి ఆఫీసు గోడకు అంటిస్తే నా దగ్గర ఇక ఏముంటుంది, పది నిమిషాల్లో సినిమా ఖలాస్ అంటున్నాడు."

అందరం నవ్వాం. నేనూ నవ్వాను.

జనవరి మొదటి వారంలో సినిమా వాళ్ళ పని ఒక కొలిక్కి వచ్చి, మమ్మల్ని మళ్ళీ క్రషర్‌కు పంపారు. పోయిన రెండు వారాలకే పర్శరాములు కాక పడిపోయాడు.

పర్శరాములు కాక మా పక్క మండలం మనిషి. యాభై నాలుగేళ్ళు. రాళ్ళు మోసుకుపోయే బెల్టు పక్కన ఎత్తున నడవా ఉంటుంది, దాని మీద తిరుగుతూ బెల్టు చూసుకోవడం ఆయన పని. ఆ నడవాకు ఒకచోట రెండు మీటర్ల రెయిలింగ్ లేదు. మోటారు దించడానికి దాన్ని గ్యాసుతో కోసింది నేనే. కోయమంది టైంకీపర్ రాజమౌళి, మా హాజరు రాసుకోవడానికి సెట్టు దగ్గరికీ రోజూ వచ్చిపోయినవాడే. దించిన సాయంత్రమే మళ్ళీ అతికిస్తానన్నాను. కానీ మా దగ్గర అనుమతి చిట్టీ లేనిదే వెల్డింగు మంట వెలిగించకూడదు, అది కంపెనీ రూలు. "రేపు రాయిస్త తమ్మీ" అన్నాడు రాజమౌళి. ఆ రేపు పన్నెండు రోజులైనా రాలేదు. కనీసం అడ్డంగా గొలుసైనా కట్టలేదు. పదమూడో రోజు కాక అక్కణ్ణుంచి కిందికి పోయాడు. తొడ ఎముక రెండుచోట్ల విరిగింది.

సెలవు రోజు కాదు, ఏమీ కాదు, మధ్యాహ్నం తిండి వేళ పట్టపగలు రాజమౌళి నా గదికి వచ్చాడు. చేతిలో ఇంగ్లీషులో టైపు చేసిన కాగితం. నడవా మీద గొలుసు ఉందని, తనకు అడ్డమని కాకే విప్పేశాడని, ఆ సంగతి నేను చూశానని అందులో ఉంది.

"సంతకం వెట్టు తమ్మీ. ఎంక్వైరీ అచ్చే ఆదివారం."

"గొలుసెక్కడిదన్నా. నువ్వు కట్టనేలేదు."

"కట్టిన్నో కట్టలేదో ఇప్పుడెందుకు. నా కొలువు వోతది. నాకు ముగ్గురు పిల్లలు."

"కాక తప్పని రాస్తే ఆయన ఉత్త చేతులతోని ఇంటికి వోతడు. కుంటికాలుతోని."

రాజమౌళి జేబులోంచి ఒక ఫోటో తీసి మంచం మీద పెట్టాడు. ముందు బొటనవేళ్ళు, వెనక దుప్పటి, చివరన నా గడ్డం. సెట్టు మీద నలభై ఉంటే ఒకటి తగ్గితే ఎవరికి తెలుస్తుంది.

"మా ఊరోళ్ళు మీ ఊరోళ్ళు అందరున్న వాట్సాప్ గ్రూపు ఉన్నది గదా" అన్నాడు, నా మొహం చూడకుండా. "నేనేం రాయ. ఉత్త ఫోటో పెడత. ఆదివారం దాకా ఆగుత."

ఫోటో మళ్ళీ జేబులో పెట్టుకుని అతను పోయాక, సెట్టు మీద మురిసిపోయి నా ఫోన్లో తీసుకున్న అదే ఫోటోను తెరిచి చూశాను. నిద్రపోతున్నానని చెప్పడానికి వీల్లేదు. వేషమని చెప్పడానికీ వీల్లేదు, ఏ వేషగాడు కాళ్ళు కట్టించుకుంటాడు. మా జిల్లాలో పసిపిల్లవాడు చూసినా ఒకటే అనుకుంటాడు. మంజులకు ఏడో నెల. రెండుసార్లు పోయిన కడుపు. ఆ ఫోటో చూసి పడిపోయిందంటే, లోపలి పసిగుడ్డుకు ఏమైనా అయిందంటే, పీనుగు వేషం కట్టి నేనే చంపుకున్నట్టు. పనితనం చూపించబోయి నా మెడకు నేనే తాడు పేనుకున్నాను.

మర్నాడు ఆసుపత్రికి పోయాను. సంతకం పెడతానని చెప్పడానికే పోయానేమో, ఇప్పటికీ నాకు తెలియదు. కాక కాలు పైకి కట్టి ఉంది. నన్ను చూసి సంతోషపడ్డాడు. నేను పట్టుకుపోయిన బత్తాయిలు పక్కమంచం బంగ్లాదేశీకి రెండిచ్చి, తనకొకటి ఒలుచుకున్నాడు.

"దేవేందర్, ఒకటడుగుత. ఆడ గొలుసుండెనా, లేకుండెనా?"

"ఎందుకు కాకా?"

"ఉండెనని అంటున్నరు. నేనే ఇప్పిన్నట. ఇద్దరు ముగ్గురు అచ్చి చెప్పిండ్రు. నాకు యాదికస్తలేదు బిడ్డా. ఒకవేళ ఇప్పిన్నేమో అని నాకే అనుమానమైతంది."

ఆ పెద్దమనిషి తన కళ్ళను తానే నమ్మలేని స్థితికి వచ్చాడు. నాకు సిగ్గేసింది.

"తొక్కలు నాకియ్యి, పారేస్త" అని లేచాను.

బయట బస్సు కోసం నిలబడితే కొలిన్ మాట గుర్తొచ్చింది. గోడకు అంటిస్తే ఖలాస్. నా గోడ ఎక్కడుంది? జగిత్యాల అవతల, మా ఇంట్లో. అంటించాల్సింది నేనే.

శుక్రవారం సెలవు. పొద్దున చాయ్ కప్పు పట్టుకుని సముద్రం గట్టు మీది రాళ్ళ దగ్గరికి పోయి అవ్వకు ఫోన్ చేశాను. ఆమె బీడీలు చుడుతోంది, కత్తెర చప్పుడు వినిపిస్తూనే ఉంది. వేషం సంగతి చెప్పాను, కాళ్ళు కట్టుకున్న సంగతి చెప్పాను, రాజమౌళి బెదిరింపు చెప్పాను. కత్తెర ఆగింది. తిట్లు వస్తాయని కళ్ళు మూసుకున్నాను. రాలేదు. ఉన్న పాపాలన్నీ ఒకేసారి కక్కేద్దామని కాకి సంగతి కూడా చెప్పేశాను.

"కాకి తన్నిందా?" అంది అవ్వ. గొంతు మారిపోయింది. "నెత్తి మీదనా, భుజం మీదనా?"

"నెత్తి మీద."

"ఎన్నడు?"

"వేషం కట్టిన తెల్లారే. నెల దాటింది."

"నెల దాటినంక చెప్తవురా. మతి ఉన్నదా నీకు?" పీనుగు వేషానికి రాని కోపం కాకికి వచ్చింది. "కాకి తన్నితే ఏం జెయ్యాలె? సచ్చిపోయిండని సుట్టాలకు కబురు పంపాలె. వాళ్ళు ఏడ్వాలె. అప్పుడు గండం వోతది. మీ బాపుకు తన్నినప్పుడు జెయ్యలేదా?"

చేసింది. నాకు పదేళ్ళప్పుడు. మేనమామలు ఏడ్చుకుంటూ వస్తే బాపు అరుగు మీద కూర్చుని చుట్ట తాగుతున్నాడు.

"ఆ ఫోటో నీతాన ఉన్నదా?"

"ఉన్నది."

"పంపు. ఉత్త కబురైతే సాయవ్వ నమ్మది, గడుసుది. ఫోటో ఉంటె నమ్ముతది."

సాయవ్వ మా మేనత్త. ఆటోలో అరగంట దూరం. మూడు రోజులుగా నా పీకల మీద ఉన్న కత్తిని మా అవ్వ కూరగాయలు తరగడానికి అడుగుతోంది.

"మంజుల?" అన్నాను.

"దానికి ముందుగాల్ల చెప్పుదాం. ఇగో, మాట్లాడు."

మంజుల ఫోన్ తీసుకుంది. అంతా పక్కనే ఉండి విన్నది. తర్వాత ఒకటే అడిగింది.

"కాళ్ళెవ్వలు గట్టిండ్రు?"

"నేనే గట్టుకున్న."

"ఎవ్వలన్న తమ కాళ్ళు తామే గట్టుకుంటరా?" అని ఫోన్ అవ్వకిచ్చేసింది.

ఫోటో పంపాను. రెండు గంటల తర్వాత అవ్వే ఫోన్ చేసి, "ఇను, నువ్వు గూడ ఇనాలె" అని చెప్పి, ఫోన్‌ను ఆన్‌లోనే ఉంచి రొంటిన దోపుకుంది. ఆటో ఆగిన చప్పుడు. సాయవ్వత్త గడప అవతల నుంచే "ఓ నా కొడుకో" అని ఎత్తుకుంది. నాకు నవ్వొచ్చింది. అత్త ఏడుపు మొదలుపెట్టిందంటే ఊరు ఊరంతా వినాలి. పక్కింటి వాళ్ళు చేరినట్టున్నారు, ఇంకో రెండు గొంతులు కలిశాయి. అవ్వ ఊరికే వత్తాసుగా ఊ కొడుతోంది. ఇంకాసేపట్లో బెల్లం ముక్క నోట్లో పెట్టి అసలు సంగతి చెబుతుంది, అత్త చీపురు తీసుకుంటుంది, అయిపోతుంది అనుకున్నాను.

కానీ మా అవ్వ కూడా శోకం ఎత్తుకుంది. మొదట అత్తకు తాళం వేసినట్టే ఉంది. రెండో మాటకు గొంతు జీరపోయింది.

"పదకొండేండ్లల్ల అయిదుసార్లు అస్తివి కొడుకా... అచ్చినప్పుడల్ల పెట్టె సర్దుడే జూస్తి గని నీ మొకం జూడకపోతి కొడుకా... తిన్నవా అంటె తిన్ననంటివి, ఏం తిన్నవో అడుగకపోతి కొడుకా... రెండు పాణాలు మట్టిల గలిసినా నీ పెండ్లాం పక్కన నువ్వు లేకపోతివి కొడుకా... విమానాలు బందైతె నాలుగు నెలలుంటివి, నీ కొలువు కన్న కరోనానే నయమాయె కొడుకా..."

నా చేతిలో చాయ్ చల్లారిపోయింది. ఆ మాటల్లో ఒక్కటీ అబద్ధం లేదు. పదకొండేళ్ళుగా ప్రతి శుక్రవారం మాట్లాడుకున్నాం, బియ్యం ధరా మాట్లాడుకున్నాం, వానా మాట్లాడుకున్నాం. ఈ మాటలు ఎన్నడూ అనలేదు. బతికున్న కొడుకుతో అనలేనివన్నీ దాచుకుని ఉంది ఆ తల్లి, చచ్చాక చెప్పుకుంటోంది. గట్టు మీద కూర్చుని నేనూ ఏడ్చాను. చేపల బుట్ట మోసుకుపోతున్న ఒక మలయాళీ ఆగి, ఇంట్లో ఎవరైనా పోయారా అని హిందీలో అడిగాడు. నేనే పోయానని ఏం చెప్పను. తల ఊపాను. పాపం, భుజం తట్టి పోయాడు.

తర్వాత బెల్లం పంచారు. సాయవ్వత్త నిజంగానే చీపురు తీసుకుందట. అటు నుంచి ఆడవాళ్ళ నవ్వులు వినిపించాక ఫోన్ పెట్టేశాను.

శనివారం రాజమౌళి గ్రూపులో ఫోటో పెట్టాడు. ఆదివారం దాకా ఆగుతానన్నవాడు ఆగలేకపోయాడు. పది నిమిషాల్లో మా ఊరి వాళ్ళ జవాబులు వచ్చాయి. "సూసినం." "నిన్ననే ఏడ్సినం." "బెల్లం గూడ తిన్నం." సాయవ్వత్త మనవడితో ఒక మాట రికార్డు చేయించి పంపింది, అది ఇక్కడ రాసేది కాదు.

సాయంత్రం పని దిగి వస్తుంటే రాజమౌళి మెస్సు వెనక గోడకు ఆనుకుని ఉన్నాడు. నన్ను చూసి కదల్లేదు.

"రేపు ఏం జెప్తవు?" అన్నాడు.

"ఉన్నది జెప్త. రెయిలింగ్ నేనే కోసిన. నువ్వు కొయ్యమన్నవు. గొలుసు లేకుండె, పన్నెండు రోజులు. నా తప్పు గూడ ఉన్నదని జెప్త, చిట్టీ లేకున్నా గొలుసైతే కట్టచ్చు గదా, నేనూ కట్టలేదు."

అతను కళ్ళు తుడుచుకున్నాడు. "నాకు ముగ్గురు పిల్లలు తమ్మీ" అన్నాడు మళ్ళీ. బెదిరింపు కాదు, ఉన్న మాటే. నాకు కోపం రాలేదు. చాయ్ తాగుదాం పా అన్నాను. రాలేదు.

ఎంక్వైరీలో మేం ముదీర్ అని పిలిచే మేనేజరు ముందు అన్నట్టే చెప్పాను. పెద్ద గొడవేమీ కాలేదు. అరగంటలో ముగిసింది. తప్పు పర్శరాములు కాకది కాదని కాగితంలో పడింది. రాజమౌళిని టైంకీపర్ పని నుంచి తీసి స్టోరులో వేశారు, కొలువు పోలేదు. నాకు ఒక వార్నింగ్ లెటరిచ్చారు. కాకకు చెబుదామని ఆసుపత్రికి పోతే, ఆయన అంతా విని, "అయితే నేను ఇప్పలేదు" అన్నాడు. రెండుసార్లు అన్నాడు. అప్పుడు పడుకున్నాడు, హాయిగా.

ఫిబ్రవరిలో సినిమా వాళ్ళు సామాన్లు సర్దుకున్నారు. కొలిన్ నాకు తన ఉన్ని టోపీ ఇచ్చాడు. గోడకు అంటించానని సిమ్రన్‌తో చెప్పించాను. ఆ అమ్మాయి మొత్తం కథ చెబుతుంటే ఆ ముసలాయన కుర్చీలోంచి లేచి నిలబడి, నాకు సలాం చేశాడు.

మార్చిలో నా రెండేళ్ళ కాగితం ముగిసింది. మళ్ళీ రెండేళ్ళకు సంతకం పెట్టమని ఆఫీసులో కొత్త కాగితం ముందు పెట్టారు. పెన్ను మూత తీశాను, మళ్ళీ పెట్టేశాను. అంతే.

పెట్టె సర్దుతుంటే రాజమౌళి తలుపు దగ్గరికి వచ్చి ఆ ఫోటో చేతిలో పెట్టాడు. "ఉంచుకో. నా తాన ఎందుకు" అన్నాడు. పెట్టెలో బట్టల అడుగున పెట్టాను.

ఇల్లు చేరినప్పుడు మంజులకు తొమ్మిదో నెల. పెట్టె విప్పుతూ ఆ ఫోటో తనే తీసింది. అవ్వ చూసి రెండడుగులు వెనక్కి వేసింది. పీనుగు బొమ్మ ఇంట్లో ఉండొద్దు, అలాగని కన్నకొడుకు బొమ్మ చించనూ వద్దు. ఏం చేయాలో మా అవ్వకే తోచని సంగతి నేను మొదటిసారి చూశాను.

మంజుల ముందుకొచ్చింది. అవ్వ బీడీల చాటలోంచి ఆకు కత్తిరించే కత్తెర తీసుకుంది. ఫోటోను వెలుగులోకి పట్టుకుని, సరిగ్గా రెండు బొటనవేళ్ళ మధ్యకు కత్తెర పోనిచ్చి, ఆ దారం ఒక్కటే తెగేలా చిన్న కోత కోసింది. పెదాలు బిగించి, చాలా జాగ్రత్తగా. ఫోటోను కిటికీలో పెట్టి, కత్తెర చాటలో వేసి, నడుము పట్టుకుని నా వైపు తిరిగింది.

"ఇగ లే. అన్నం తిందువు" అంది.